లెక్కలోకి రాని రెండేళ్లు

మా హైస్కూలు తూర్పు గోడ అవతల ఖాళీ జాగాలో ఈమధ్య ఎవరో ఎండు రొయ్యలు ఆరబోస్తున్నారు. మధ్యాహ్నం సముద్రపు గాలి తిరిగిందంటే ఆ వాసన నేరుగా నా గదిలోకి వస్తుంది. స్టాఫ్‌లో సగంమంది ముక్కుకు కొంగో రుమాలో అడ్డం పెట్టుకుని కిటికీ వేయమంటారు. నేను వేయనివ్వను. ఇన్‌ఛార్జి హెడ్మిస్ట్రెస్‌కు ఉండే అధికారాలు మహా ఉంటే నాలుగు. వాటిలో కిటికీ ఒకటి. ఆ వాసనకు నాకు భారతి మేడమ్ గుర్తొస్తారు. ఆవిడకూ రొయ్యలకూ పోలిక ఏమీ లేదు. నేను మొదట ఉద్యోగంలో చేరిన బడి వరండాలో రొయ్యలు ఆరేవి, ఆ బడికి ఆవిడ హెడ్డు. అంతవరకే సంబంధం.

ఆ ఊరు వాకాడు దాటాక, పులికాట్ సరస్సు అంచున ఉంటుంది. బస్సు దిగి బురద దారిలో చాలాసేపు నడవాలి. రెండు గదుల ప్రాథమిక పాఠశాల, ఇద్దరు టీచర్లు. ఊరంతా వల మీద బతికేవాళ్లే. నేను చేరిన రోజున భారతి మేడమ్ గంజి పెట్టిన నూలు చీర కుచ్చిళ్లు పైకి దోపుకుని, చెప్పులు చేతిలో పట్టుకుని నాకంటే ముందు నడుస్తున్నారు. పొడుగు మనిషి. పెద్ద పెద్ద అంగలు వేసేవారు. వాళ్లది కొడవలూరు పక్క వ్యవసాయ కుటుంబం. భర్త అక్కడే పొలం చూసుకునేవారు. పిల్లలు లేరు. వారమంతా బడి ఉన్న ఊళ్లోనే ఒక గది అద్దెకు తీసుకుని ఉండి, శనివారం ఇంటికి పోయి సోమవారం పొద్దున తిరిగి వచ్చేవారు. బడి దగ్గరికి వచ్చి చూస్తే వరండా నిండా రొయ్యలు. అడుగు పెట్టే చోటు లేదు. నేను ట్రైనింగ్ కాలేజీ నుంచి అప్పుడే వచ్చాను, పాఠశాల వాతావరణం అనే అధ్యాయం ఇంకా మరిచిపోలేదు.

"బళ్లో రొయ్యలేంది మేడమ్?" అన్నాను.

"వాళ్ల ఇళ్ల ముందరంతా ఇసకే కదా. రొయ్యలకి ఇసక అంటుకుంటే ధర పోద్ది. మన వరండా సిమెంటు," అన్నారు ఆవిడ. "కాకుల్ని తోలేదానికి పిల్లోళ్లు వస్తారు. వచ్చినోళ్లని లోపలికి పిలస్తాను. హాజరు ఊరికే పెరిగిందనుకున్నావా?"

తనిఖీకి ఎవరైనా వస్తారని తెలిస్తే మాత్రం ముందురోజే వరండా కడిగించేవారు. కడిగినా వాసన పోయేది కాదు. తనిఖీకి వచ్చినవాళ్లు ఆ వాసనకే తొందరగా లేచిపోతారు, అదీ మన మంచికే అనేవారు. ఆవిడ దగ్గర నేను మొదట నేర్చుకున్నది ఇదే. పిల్లవాడు బడికి ఏ దారిన వచ్చాడని అడగకూడదు, వచ్చాక ఏం చెప్పాలన్నది చూసుకోవాలి.

ఆవిడ జీతం సంగతి నాకు మండలంలో జరిగిన టీచర్ల సమావేశంలో తెలిసింది. భోజనాల దగ్గర ఒక మాస్టారు నన్ను చూపించి, "కొత్త పాపా, మీ హెడ్డు మా అందరికంటే సీనియరు. జీతంలో మాత్రం మాకంటే జూనియరు," అని నవ్వాడు. చుట్టూ ఉన్నవాళ్లకు ఆ మాట కొత్త కాదని వాళ్ల ముఖాలే చెబుతున్నాయి. భారతి మేడమ్ కూడా నవ్వి, మజ్జిగ తెమ్మని వడ్డించేవాడికి చెప్పారు. తిరుగుప్రయాణంలో బస్సులో అడిగాను, ఆయన అలా ఎందుకన్నాడని.

"చదువుకునేదానికి పోయినాను, అందుకని," అన్నారు.

అప్పటికి చాలా ఏళ్ల కిందట ఆవిడకు తిరుపతిలో చరిత్ర ఎం.ఏ.లో సీటు వచ్చింది. రెండేళ్ల చదువు. ఉద్యోగం చేస్తున్న టీచరు చదువుకు పోవాలంటే స్టడీ లీవు అనేది ఒకటుంది. అది పద్ధతి ప్రకారం మంజూరైతే సగం జీతమైనా అందుతుంది, ఇంక్రిమెంట్లు ఆగవు, ఆ కాలం సర్వీసులో భాగమే కాబట్టి పెన్షన్ లెక్కకూ వస్తుంది. తిరిగి వచ్చి ఇంతకాలం పనిచేస్తానని బాండు రాసివ్వాలి. కాకపోతే మంజూరు ఉత్తర్వు చేతికి వచ్చాకే బడి వదలాలి. భారతి మేడమ్ ఆ ఒక్కటీ చేయలేదు. చేయకపోవడానికి కారణం మా వృత్తిలో ఉన్నవాళ్లకే అర్థమవుతుంది. మేము ఒకరోజు సెలవు కావాలంటే చీటీ రాసి హెడ్డు బల్ల మీద పెట్టి వెళ్లిపోతాం. సంతకం తర్వాత ఎప్పుడో పడుతుంది. ఏళ్ల తరబడి అదే అలవాటు.

"నేను రెండేళ్లకి కూడా అట్టనే చేసినాను," అన్నారు ఆవిడ. "కాలేజీలో చేరేదానికి గడువు అయిపోతా ఉండాది. అర్జీ రాసి బల్ల మీద పెట్టినా. మా హెడ్మాస్టరు, పొయ్యిరామ్మా, నేను పైకి పంపిస్తాలే అన్నాడు. ఆయన అన్నాడంటే గవర్నమెంటు అన్నట్టే అనుకున్నా."

గవర్నమెంటు అలా అనుకోలేదు. ప్రాథమిక పాఠశాల టీచరుకు చరిత్రలో ఎం.ఏ. దేనికని పైనుంచి రాశారు. ఆ ప్రశ్న వచ్చేసరికి ఆవిడ మొదటి ఏడాది పరీక్షలు కూడా రాసేశారు. చివరికి చాలా తిరిగాక, చెప్పకుండా మానేసిన మనిషి అనే ముద్ర తీసేసి, ఆ రెండేళ్లనూ జీతం లేని సెలవుగా మార్చారు. ఇంక్రిమెంట్లు వెనక్కి జరిగాయి. వెనక చేరినవాళ్లు జీతంలో ముందుకు పోయారు. పెన్షన్ సంగతి పదవీ విరమణ నాటికి చూద్దామన్నారు. అంత కష్టపడి తెచ్చుకున్న ఎం.ఏ.తో ప్రమోషన్ కూడా రాలేదు, ఎందుకంటే ప్రమోషన్‌కు కావలసింది బి.ఎడ్. ఇదంతా ఆవిడ ఇంకెవరి సంగతో చెబుతున్నట్టు చెప్పి, టికెట్ తీసుకున్నావా అని నన్ను అడిగారు.

ఆ ఊళ్లో సరస్సు మీద చేపలు పట్టడానికి ఒక పద్ధతి ఉండేది. మంచి చేప పడే చోట్లు కొన్నే. అక్కడ ఎవరు ఏ రోజు వల వేయాలో ఇళ్లవారీగా వంతులు. వంతు రోజున మనిషి ఊళ్లో లేకపోతే అది పోయినట్టే, మళ్లీ తిరిగి వచ్చేదాకా ఆగాలి. ఒకసారి బడి ముందే దాని మీద పంచాయితీ జరిగింది. పక్కింటి ఆమెకు కాన్పు కష్టమైతే ఒకాయన ఆమెను నెల్లూరు ఆసుపత్రికి తీసుకుపోయి అక్కడే ఉండిపోయాడు. ఈలోగా అతని వంతు వచ్చింది. ఊరి పెద్ద పోలయ్య ఇద్దరు కుర్రవాళ్లను పంపి అతని పేరున వల వేయించి, పడిన చేప అతనింటికి చేర్చాడు. అది తన రోజు కావలసిందని ఇంకొకాయన గొడవ పెట్టుకున్నాడు. పోలయ్య గొంతు పెంచకుండా తీర్పు చెప్పి, వరండాలో నిలబడి వింటున్న మా వైపు తిరిగాడు.

"ఊరి పని మీద పోయినోడికి వంతు తెగదు టీచరమ్మా. ఈడ ఉన్నట్టే లెక్క. సినిమాకి పొయ్యుంటే తెగిపొయ్యేది," అన్నాడు.

భారతి మేడమ్ ఆ మాట పట్టుకున్నారు. అప్పటికి ఆవిడ పదవీ విరమణ దగ్గరపడింది, పెన్షన్ కాగితాలు కదిలాయి, అనుకున్నట్టే ఆ రెండేళ్ల మీద అభ్యంతరం వచ్చింది. సమాధానం చెప్పుకోవడానికి ఆఫీసుకు పోతూ నన్నూ తోడు తీసుకుపోయారు. సూపరింటెండెంటు ముందు కూర్చుని ఆవిడ పోలయ్య తీర్పు మొత్తం చెప్పారు. టీచరు చదువుకు పోవడం బడి పని మీద పోవడం కాదా, ఆ చదువు తెచ్చి మళ్లీ మీ పిల్లలకే కదా చెప్పినాను అన్నారు. ఆయన ఓపిగ్గానే విన్నాడు. విని, "అయితే పెన్షను కూడా ఆ పెద్దాయన్నే అడగండి మేడమ్," అన్నాడు. పక్క బల్లల వాళ్లు నవ్వారు. నాకు ఒళ్లు మండింది. ఆయన మాత్రం నిజానికి చెడ్డవాడు కాదు. ఆ కాలాన్ని సర్వీసుగా గుర్తిస్తూ పై అధికారి ఒక్క ఉత్తర్వు ఇస్తే చాలని, దానికి అర్జీ ఎలా రాసుకోవాలో కూడా తనే చెప్పాడు. భారతి మేడమ్ ఆ రాత్రికే అర్జీ రాసి పెట్టుకున్నారు. ఇక అధికారి దర్శనం కావాలి. దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడంటారు. ఇక్కడ పూజారి సరేనన్నాడు గాని దేవుడు సీట్లో దొరికేవాడు కాదు.

సరిగ్గా ఆ రోజుల్లోనే నాకు బి.ఎడ్.లో సీటు వచ్చింది. మాది బిట్రగుంట. ఆవిరి ఇంజన్ల రోజుల్లో ఆ ఊరు ఎలా వెలిగిందో పెద్దవాళ్లు చెబితే వినడమే గాని నేను చూడలేదు. నాన్న స్టేషన్ బయట టీ అంగడి నడిపి, అది సాగక, అప్పులు మిగిల్చి పోయాడు. అమ్మ, పాలిటెక్నిక్ చదివే తమ్ముడు నా జీతం మీదే ఉన్నారు. బి.ఎడ్. అయితే హైస్కూలుకు పోవచ్చు, నాలుగు రూపాయలు పెరుగుతాయి. స్టడీ లీవుకు అర్జీ పెట్టుకున్నాను. భారతి మేడమ్ దాని మీద మంచి మాటలే రాసి పైకి పంపారు. కాలేజీలో చేరాల్సిన గడువు ముంచుకొచ్చింది, ఉత్తర్వు మాత్రం రాలేదు. ఆఖరి రోజుకు ముందురోజు ఉదయం నేను పెట్టె సర్దుకుని బడికి వచ్చాను.

"నన్ను రిలీవ్ చేయండి మేడమ్. రేపు చేరకపోతే సీటు పోద్ది," అన్నాను.

"ఉత్తర్వు యాడుండాది?"

"వస్తాది కదా. అర్జీ ఇచ్చేసినాం."

"వచ్చినాక పో."

"మీరు పోలేదా?"

"పోయినాను."

"మరి నేనెందుకు పోకూడదు?"

ఆవిడ హాజరుపట్టీ మూసి గంట కొట్టడానికి లేచారు. తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లనే మనిషని ముందే తెలుసుగాని, ఆ పూట నాకు అంతకంటే పెద్ద మాటలే తోచాయి. తనకు కలిసిరానిది ఇంకొకరికి కలిసివస్తుంటే ఓర్వలేకపోతోందనుకున్నాను. మూడు, నాలుగు, ఐదు తరగతులను ఒకచోట కూర్చోబెట్టి భాగహారాలు ఇచ్చి, కిటికీ దగ్గర నిలబడి ఏడ్చాను. పిల్లలు భాగహారాలు మానేసి నన్నే చూశారు.

మధ్యాహ్నం ఎవరో ఫోన్ చేసి ఆవిడకు ఒక వార్త చెప్పారు. పై అధికారికి బదిలీ అయింది, సాయంత్రందాకా సీట్లోనే ఉండి ఆఖరి సంతకాలు పెడుతున్నాడు. బడి వదలగానే ఆవిడ నా దగ్గరికి వచ్చి, "పద, ఆఫీసుకి," అన్నారు. ఆటో, దాని తర్వాత బస్సు. దారి పొడుగునా నేను ముఖం అటు తిప్పుకునే కూర్చున్నాను. ఆవిడ సంచిలో రెండు కాగితాలు ఉన్నాయి. ఒకటి నా స్టడీ లీవు అర్జీ నకలు, రెండోది తన రెండేళ్ల గురించి రాసుకున్న అర్జీ. ఆ రెండోది శుభ్రంగా తిరగరాసి ఇచ్చింది నేనే కాబట్టి నాకు తెలుసు.

అధికారి గది ముందు జనం. అటెండరు మమ్మల్ని గుర్తుపట్టి దగ్గరికి వచ్చాడు. "సారు చిరాగ్గా ఉండారు మేడమ్. ఒక్క కాగితం అయితే చూస్తారు. పొద్దున ఒకాయన రెండోది తీసేసరికి రెండూ పక్కన పడేసినారు. చూసుకోండి," అన్నాడు. మమ్మల్ని లోపలికి పిలిచారు. భారతి మేడమ్ సంచిలో చెయ్యి పెట్టారు. వెతకలేదు, తడుముకోలేదు, నా కాగితమే తీశారు. ఆయన చదివి, నా ఫైలు తెప్పించి, ఉత్తర్వు టైపు చేయించి సంతకం పెట్టాడు. పెట్టాక తలెత్తి, "ఇంకేమైనా ఉందా?" అని అడిగాడు. అప్పటికి ఆయన కలానికి మూత పెట్టలేదు, నా ఉత్తర్వు ఇంకా ఆయన చేతి కిందే ఉంది.

"లేదు సార్," అన్నారు ఆవిడ.

బయటికి వచ్చాక ఆ ఉత్తర్వు నా చేతిలో పెట్టారు. మీది కూడా ఇచ్చి ఉంటే బాగుండేది కదా మేడమ్ అన్నాను. "ఒక మనిషిని ఒక పూట రెండు అడిగితే రెండూ పోతాయి," అన్నారు. "నాది ఎప్పుడో విరిగిన పాలు. నీవి ఇంకా పొయ్యి మీద ఉండాయి." నాకు ఆ క్షణంలో కలిగింది సంతోషమే. అబద్ధం చెప్పడం దేనికి, ఆవిడ ఏం వదులుకున్నారనే ఆలోచన బస్సెక్కేదాకా రాలేదు. వచ్చాక కూడా, కొత్త అధికారి వస్తాడు, ఆయన చూస్తాడులే అని సర్దిచెప్పుకున్నాను.

కొత్త అధికారి వచ్చాడు. నిబంధన ప్రకారం పోయే మనిషి. భారతి మేడమ్ రెండేళ్లు పెన్షన్ లెక్కలోకి రావని తేల్చి రాశాడు. నేను కాలేజీలో ఉండగానే ఆవిడ పదవీ విరమణ జరిగింది. నా బదులుకు ఎవరినీ వేయలేదు. ఆఖరి నెలల్లో ఐదు తరగతులూ ఆవిడ ఒక్కరే నడిపారని, ఆఫీసు చుట్టూ తిరగడానికి ఒక పూట కూడా బడి వదలలేకపోయారని తర్వాత పోలయ్య చెప్పగా విన్నాను. నాకు మాత్రం నెలనెలా సగం జీతం బిట్రగుంటకు చేరింది. చదువు అయ్యి తిరిగి చేరిన నెలలో ఇంక్రిమెంట్లు కూడా తప్పకుండా పడ్డాయి.

ఆ వారమే కొడవలూరు వెళ్లాను. ఆవిడ ఇంటి ముందు అరుగు మీద కూర్చుని చిక్కుడుకాయలు ఈనెలు తీస్తున్నారు. నాకూ కొన్ని ముందు పోశారు. జీతం సంగతి చెప్పాను. బాగుంది అన్నారు. చాలా రోజులుగా అనాలనుకుంటున్న మాట అప్పుడు అనేశాను.

"మీ రెండేళ్లు నా వల్ల పోయినాయి మేడమ్."

"యాడికి పోయినాయి?" అన్నారు ఆవిడ, తల ఎత్తకుండానే. "నా పెళ్లి పదిహేడేళ్లకి అయింది. అప్పటినుంచి ఎవురికో ఒకరికి అన్నం వండతానే ఉండాను. ఆ రెండేళ్లే వండలా. హాస్టల్లో గంట కొడితే పొయ్యి తినేదాన్ని, లైబ్రరీలో కూర్చునేదాన్ని. వాచ్‌మన్ వచ్చి, లైట్లు తీసేస్తానమ్మా అంటే అప్పుడు లేచేది. నాతో చదివేవోళ్లంతా చిన్న పిల్లలు, అక్కా అక్కా అని నా నోట్సు కోసం తిరిగేవోళ్లు. పెన్షన్లో లేకపోతే ఏం, నేను బతికిన దాంట్లో ఉండాయి కదా."

"మళ్లీ అట్టాంటి సమయం వస్తే?"

"మళ్లీ పోతాను. మంజూరు చేసినా పోతాను, చెయ్యకపోయినా పోతాను."

నాకు కోపమే వచ్చింది. ఇన్నాళ్లూ ఈవిడ పొరపాటు చేసి పశ్చాత్తాపపడుతున్న మనిషి అనుకున్నాను. ఆ పశ్చాత్తాపంతోనే నన్ను ఆపిందనుకుని, మనసులోనే క్షమించి, గౌరవించి, అంతా చేసుకున్నాను.

"మరి నన్నెందుకు ఆపినారు?" అన్నాను.

ఆవిడ అప్పుడు తలెత్తారు. "నా జీతం ఆగితే మా ఇంట్లో ఏం ఆగింది? గాదె నిండా వడ్లుండాయి. రెండు చీరలు తక్కువ కొనుక్కున్నా. నీ జీతం ఆగితే బిట్రగుంటలో మీ అమ్మ పొయ్యి ఆరిపోద్ది. నేను పోయింది నా దాంతో. నువ్వు పోబోయింది మీ అమ్మ అన్నంతో. తెలిసి తెలిసి ఎట్ట పంపేదమ్మే?"

నేను నా ముందున్న చిక్కుడుకాయలన్నీ ఒలిచేశాను. ఆ రోజు భోజనం పెట్టి, బస్టాండుదాకా వచ్చి పంపారు. తర్వాత కూడా వెళ్లేదాన్ని. ఆ సంగతి మళ్లీ ఎత్తలేదు. ఆవిడ పోయి ఇప్పటికి కొంతకాలమైంది. మనిషి పోయిన కబురు విన్నప్పుడు నాకు ఏడుపు రాలేదు. ఇంత సూటిగా మాట్లాడేవాళ్లు ఇక నాకు ఎవరూ లేరన్నది మాత్రం బాగా తెలిసింది.

హెడ్డు కుర్చీలో కూర్చున్నాక నా దగ్గరికీ చదువుకు పోతామని టీచర్లు వస్తున్నారు. మా తరానికి పాత పెన్షన్ కూడా లేదు. జీతంలో కోసి దాచే పద్ధతి మాది, జీతం ఆగితే ఆ పొదుపూ ఆగుతుంది. ఆ లెక్కలన్నీ చెప్పే ముందు నేను వాళ్లను ఒకటే అడుగుతాను, నీ జీతం మీద ఎవరు బతుకుతున్నారని. కొందరికి ఆ ప్రశ్న నచ్చదు, మేడమ్ ఇంటి సంగతులు కూపీ లాగుతుందని బయట చెప్పుకుంటారు. తల్లో, పిల్లలో, అప్పో ఉందంటే ఉత్తర్వు వచ్చేదాకా కదలనివ్వను. సీటు పోతుందని ఏడ్చినా కదలనివ్వను, ఆఫీసుకు నేనే పోతాను. ఒకటి రెండుసార్లు సీట్లు పోయాయి కూడా. వాళ్లు నాతో ఇప్పటికీ సరిగా మాట్లాడరు.

నిరుడు మా లెక్కల టీచరు హేమ వచ్చింది. ఎం.ఎస్సీ.లో సీటు వచ్చింది, మర్నాడే చేరాలి, ఉత్తర్వు రాలేదు. అడగాల్సింది అడిగాను. ఎవరూ లేరు మేడమ్, నేనొక్కదాన్నే అంది. అప్పుడు ఏమేం పోతాయో మొత్తం చెప్పాను. జీతం, ఇంక్రిమెంట్లు, ముందు ముందు వెనక వచ్చినవాళ్ల కింద పనిచేయడం, భోజనాల దగ్గర వాళ్లు వేసే జోకులు, అన్నీ. హేమ మధ్యలో ఆపకుండా విన్నది. "పోతాను మేడమ్," అంది. నేను వద్దనలేదు. ఆమె బదులుకు ఇంతవరకూ ఎవరినీ వేయలేదు. ఎనిమిదో తరగతి లెక్కలు నేనే చెబుతున్నాను.